చెకుముకి తుపాకులనాటి సిపాయిలు

హయత్‌నగరమునుండి పట్టణమునకు పోవు త్రోవలో దిల్‌సుఖ్‌నగర్ దాటగానే మూసారాంబాగ్ అను పేరుగల మెట్రో రైలు స్టేషను వచ్చును. మన బాలబాలికలలో అనేకులు ఆ పేరు దినదినము వినుచునే యున్నారు. కాని ఆ మూసారాం ఎవరని అడిగినవారిని మేము మిక్కిలి తక్కువగా చూచితిమి. అతడు మన దేశీయుడు కాడు. 1755వ సంవత్సరమున ఫ్రాన్సు దేశమందు జన్మించి, నిజాము ఆలీఖానుగారి కొలువులో చేరి, వేలకొలది సిపాయిలకు నాయకుడైన రేమాండు అను దండనాయకుడు. పరాసు భాషలో 'అయ్యా' అని పిలుచు మాట మన జనుల నోట 'మూసా' అయ్యెను. హిందువులు అతనిని మూసారాం అనియు, ముసల్మానులు మూసా రహీం అనియు తమ తమవానిగా చేసికొనిరి. ఆస్మాన్‌గఢ్ దాపున మిట్టమీద అతని సమాధియు, దానిచెంత రాతి స్తంభమును నేటికిని కలవు.

ఈ రేమాండు 1798వ సంవత్సరము మార్చి 25వ తేదీన మరణించెను. ఏడు నెలలైనను గడువకముందే అతని సైన్యము లేకుండ పోయెను. అది పోయిన విధము చెప్పవలెనన్న, ఆనాటి సిపాయి చేతిలోని తుపాకి ఎట్టిదో, అతని కడుపు ఎట్లు నిండుచుండెనో ముందు తెలియవలెను.

ఆ తుపాకి నేటి తుపాకివంటిది కాదు. సుమారు నాలుగున్నర కిలోగ్రాముల బరువు, ముప్పావు అంగుళము వెడల్పుగల గొట్టము, లోపల నునుపు. మందును గుండును గొట్టము మూతినుండియే దట్టించవలెను. కాగితపు పొట్లములో కొలిచిన మందును, దాదాపు మూడు తులముల సీసపు గుండును చుట్టి తూటాలు కట్టెడివారు. సిపాయి ఆ తూటా కొనను పండ్లతో కొరికి, చిటికెడు మందు తుపాకి ప్రక్కనున్న చిన్న పళ్లెములో పోసి మూసి, తక్కినదానిని గొట్టములో వంచి, గుండును కాగితముతో సహా ఇనుపకడ్డీతో అడుగంట దట్టించి, కడ్డీని మరల దాని తావున దోపి, అప్పుడు గురి పెట్టవలెను. మీట నొక్కగా చెకుముకిరాయి ఉక్కుమీద పడి నిప్పురవ్వ రాలును. పళ్లెములోని మందు అంటుకొని చిన్న రంధ్రము గుండ లోనికి పోవును. బాగుగా నేర్చినవాడు నిమిషమునకు రెండు మూడు మారులు కాల్చగలిగెడివాడు. ముందుపండ్లు లేనివాడు ఈ కొలువునకు పనికిరాకుండెను!

వాన కురిసి మందు తడిసెనా, తుపాకి కర్రతో సమానము. రాయి అరిగెనా, మార్చవలసినదే. నూరు గజములు దాటిన పిమ్మట ఒక మనుష్యుని గురిపెట్టి కొట్టుట దాదాపు అదృష్టము. కనుకనే ఆనాడు సిపాయిలను భుజము భుజము తాకునట్లు రెండు మూడు వరుసలుగా నిలిపి, ఒక్క కేకతో అందరిచేత ఒక్కమారు కాల్పించెడివారు. ఒక్కొక్కని గురి కాదు, వరుస కదలకుండుటయే బలము. రెండు మారులు కాల్చునప్పటికి పొగ కమ్మి ఎదుట నెవరున్నారో తెలియకుండెను. ఎఱ్ఱని అంగీలు వేసికొనుట వింతగా తోచునుగాని, అంత పొగలో తనవారిని గుర్తుపట్టుటకు అదియు నొక సాయమే. మందు కొరికి కొరికి నోరు ఎండిపోయి నాలుక నల్లబడుచుండెను. కాల్పులు ముగిసిన పిదప తుపాకి మూతికి సంగీను తగిలించి పైబడుచుండిరి.

ఇంగ్లండునుండి వచ్చిన తెల్లసిపాయి గొప్ప యింటివాడని కొందఱు తలంతురు. అది పొరపాటు. వారిలో ననేకులు పనిదొరకని కూలివారును, బీద నేతగాండ్రును. 1806వ సంవత్సరము వఱకు పటాలములో చేరినవాడు సాధారణముగా జీవితాంతము చేరినట్లే. దినమునకు ఒక షిల్లింగు జీతమైనను, తిండికి బట్టకు పట్టుకొనగా చేతికి వచ్చునది స్వల్పము. తప్పు చేసిన కొరడా దెబ్బలు. ఆ శిక్ష బ్రిటిషు సైన్యమునుండి 1881లో గాని పూర్తిగా తొలగలేదు. నూర్గురు సిపాయిలకు ఏ ఆరుగురు భార్యలనో వెంట రానిచ్చెడివారు. తక్కినవారు రేవులోనే కన్నీటితో నిలిచిపోవలసినదే. ఇక్కడ మన యెండలో ఉన్ని అంగీ తొడిగి, మెడకు బిఱుసైన తోలుపట్టీ బిగించి, తెల్లవాఱకముందే కవాతు చేసి, పగలంతయు బారకులలో ఊరక పడియుండుట వారి బ్రతుకు. సారాయిని సర్కారువారే దినదినము కొలిచి పోసెడివారు. యుద్ధములో చచ్చినవారికంటె జ్వరము, విరేచనములు, కలరా, త్రాగుడు వలన చచ్చినవారే యెక్కువ. సికందరాబాదు దండులో వారికొఱకు 1813లో కట్టిన సెయింట్ జాన్స్ దేవాలయము నేటికిని ఉన్నది. చలిజ్వరము దోమవలన వచ్చునని రోనాల్డు రాస్ వైద్యుడు ఆ బేగంపేట దాపుననే 1897లో కనిపెట్టెను; కాని ఈ వ్యాసమున చెప్పు సిపాయిలు అప్పటికి ఎన్నడో మట్టిలో కలిసిరి.

కంపెనీ సైన్యములో తెల్లవారు కొందఱే, నల్లవారు పలువురు. క్లైవు 1756లో మద్రాసునుండి బంగాళమునకు కొనిపోయిన సిపాయిలలో తెలుగువారు ఉన్నందున, ఉత్తరదేశమున సిపాయికి 'తిలంగా' అనియే పేరు పడినది. మన జాతిపేరే అక్కడ ఒక వృత్తిపేరైనది.

సైన్యము కదలినచో సిపాయిలు మాత్రమే కదలరు. ఎడ్లు, బండ్లు, చాకలులు, వంటవాండ్రు, పిల్లల తల్లులు, అంగడివారు, అంతయు ఒక నడచుచున్న ఊరు. వీరికి ధాన్యము చేర్చువారు లంబాడీలు. వేలకొలది ఎడ్లమీద గింజలు ఎత్తి, ఇరుపక్షముల దండులకును అమ్మెడివారు. 1791లో కారన్‌వాలిసు శ్రీరంగపట్టణము దాపువఱకు పోయియు, ఎడ్లును తిండియు లేక పెద్ద ఫిరంగులను పాడుచేసి వెనుదిరుగవలసివచ్చెను. ఎద్దు చేసిన సేవను చరిత్ర పుస్తకములు ఇంకను సరిగా వ్రాయలేదని మా అభిప్రాయము.

ఇక 1798 మాట. సెప్టెంబరు 1వ తేదీన నిజాముగారును కంపెనీవారును ఒడంబడిక చేసికొనిరి. కంపెనీ పటాలములు ఆరు హైదరాబాదున నిలుచును. వాని ఖర్చునకై నిజాముగారు ఏటికి 24,17,100 రూపాయలు ఇత్తురు. రేమాండు పెంచిన పరాసు సైన్యము రద్దు కావలెను. రెండు పటాలములు ఇక్కడనే యుండెను. తక్కిన నాలుగు కర్నలు రాబర్ట్సు క్రింద గుంటూరునుండి నడచి అక్టోబరులో వచ్చి చేరెను. రేమాండు తరువాత నాయకుడైన పిరాన్ క్రింద పదివేలకు మించిన సిపాయిలు, ఫిరంగులతో నుండిరి. పోరు జరిగినచో మూసీ ఒడ్డు రక్తసిక్తము కావలసినదే.

కాని అక్టోబరు 21వ తేదీన సిపాయిలు తమ దొరలమీదనే తిరుగబడి వారిని నిర్బంధించిరి. ఏలయన వారికి జీతము బకాయి యుండెను. కొలువు పోవుచున్నదని వినగానే ఆ బకాయి ఎవరిత్తురని భయపడిరి. రెసిడెంటు కిర్క్‌పాట్రిక్కుగారి సహాయకుడు జాన్ మాల్కం మాటలాడుటకు పోగా అతనిని కూడ చుట్టుముట్టిరి. అంతలో, మునుపు కంపెనీ పటాలమున అతని క్రింద పనిచేసి తరువాత ఈ కొలువునకు వచ్చిన సిపాయిలు కొందఱు అతనిని గుర్తించి, గుంపునుండి తప్పించి కాపాడిరి. మఱునాటి ఉదయమున కంపెనీ పటాలములు చుట్టును నిలిచెను; బకాయి చెల్లింతుమనియు, వేరు అధికారుల క్రింద కొలువు దొరకుననియు మాట యీయబడెను. సిపాయిలు తుపాకులను నేలపెట్టి నడచిపోయిరి. ఒక్క తుపాకియు ప్రేలలేదు.

దీనిని వెల్లెస్లీ ప్రభువు చాతుర్యమని పుస్తకములలో చదువుదుము. చాతుర్యము లేకపోలేదు. అయినను ఆ దినమున రక్తము చిందకుండుటకు ముఖ్యకారణము జీతపు బకాయియని మాకు తోచుచున్నది. బాప్తిస్మమిచ్చు యోహాను తన యొద్దకు వచ్చిన సిపాయిలకు చెప్పిన హితవులో జీతపు మాట ఉన్నదని ఆదివారపు పాఠశాల పిల్లలకు తెలియును. అయితే జీతము చేతికి అందనివాడు ఎట్లు తృప్తిపడవలెను?

మఱుసటి సంవత్సరము హైదరాబాదు సైన్యము శ్రీరంగపట్టణముమీదికి పోయెను. మే 4వ తేదీన ఆ కోట పడెను. ఇక్కడి దండు చోటు సికందర్ జాగారి పేరిట 1806లో సికందరాబాదు అయ్యెను.

చెకుముకి తుపాకి 1840 ప్రాంతమున మెల్లగా వెనుకబడెను. రాయికి బదులు దెబ్బకు నిప్పు పుట్టించు రాగి టోపీలు వచ్చెను. తరువాత గొట్టములో మరలు తీర్చిన ఎన్‌ఫీల్డు తుపాకి వచ్చెను. దానికిని తూటా కొఱుకవలసినదే. నూఱేండ్లుగా సిపాయి ఆలోచింపక చేయుచుండిన ఆ కొఱుకుటయే, తూటాకు పూసిన క్రొవ్వు ఆవుదో పందిదో యను అనుమానము పుట్టగా, 1857లో ఉత్తరదేశమంతటను అగ్గి రగిల్చెను. ఆ జూలై 17వ తేదీన తుర్రేబాజుఖాను, మౌల్వీ అలాఉద్దీను రోహిల్లాలతో కోఠీ రెసిడెన్సీమీదికి వచ్చి ఫిరంగుల ముందు నిలువలేక మరలిరి. పదేండ్లలోపల వెనుకనుండి తూటా పెట్టు తుపాకులు వచ్చినవి. సిపాయి తూటాను పంటితో కొఱుకుట అంతటితో నిలిచిపోయెను.