దొంగను పట్టేదొకరు... బోనెక్కించేదొకరు!

అర్ధరాత్రి దాటాక ఊరి పక్క వాగులో ట్రాక్టర్ల మోత. తెల్లారి వెళ్లి చూస్తే, నిన్నటి ఇసుక మేట ఉన్నచోట నిలువెత్తు గొయ్యి! అది ఎంత నష్టమో నెల్లూరు జిల్లా పడమటి మండలాల రైతుకి వేరే చెప్పక్కర్లేదు. వాన అంతంతమాత్రమైన ఈ మెట్ట ప్రాంతంలో నీటిని పట్టి ఉంచేది వాగులో ఇసుకే. అది పోతే ఒడ్డున ఉన్న బావులూ బోర్లూ అడుగంటుతాయి.

ఉదయగిరి దగ్గర గండిపాలెం జలాశయానికి నీరిచ్చే పిల్లాపేరు అయినా, ఆత్మకూరు వైపున పెన్నలో కలిసే బొగ్గేరు అయినా... ఇసుకను అనుమతి లేకుండా తోడితే నేరమే. మరి దొంగలను కోర్టుకి ఈడ్చే అధికారం ఎవరిది? పోలీసులదా, గనుల శాఖదా?

ఆ ఒక్క సంతకం

దీనికి మూలం 1957 నాటి గనులు, ఖనిజాల చట్టం. అనుమతి లేకుండా తవ్వితే అయిదేళ్ల వరకూ జైలు, హెక్టారుకి 5 లక్షల రూపాయల దాకా జరిమానా వేయొచ్చని 2015లో దాన్ని సవరించారు. పోలీసులు నేరుగా కేసు పెట్టదగ్గ నేరమే ఇది. అధికారం ఉన్నవారు వాహనాలనూ యంత్రాలనూ స్వాధీనం చేసుకోవచ్చు.

చిక్కంతా ఆ తర్వాతే. కేంద్రం గానీ రాష్ట్రం గానీ అధికారమిచ్చిన వ్యక్తి రాతపూర్వకంగా ఫిర్యాదు చేస్తేనే కోర్టు ఈ నేరాన్ని విచారణకు స్వీకరించాలంటుంది అదే చట్టంలోని 22వ సెక్షన్. పోలీసుల ఛార్జిషీటు ఒక్కటే ఉంటే చాలదు. అంటే, సంతకం చేయాల్సిన అధికారి చేయకపోతే గనుల చట్టం కింద కేసు ముందుకు కదలదన్నమాట!

దొంగతనం దొంగతనమే

అలాగని పోలీసులు చేతులు కట్టుకుని కూర్చోనక్కర్లేదు. నదిలో ఇసుక ప్రభుత్వ సొత్తు. దాన్ని దొంగచాటుగా తరలిస్తే గనుల చట్టంతో పాటు దొంగతనం కేసూ పెట్టొచ్చని 2014 సెప్టెంబరు 4న ఢిల్లీ ప్రభుత్వం - సంజయ్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. ఆ కేసుకి గనుల అధికారి ఫిర్యాదుతో పనిలేదు, పోలీసుల నివేదిక చాలు. అప్పట్లో అది ఐపీసీ 379వ సెక్షన్. 2024 జులై 1 నుంచి భారతీయ న్యాయ సంహితలోని 303వ సెక్షన్.

'జరిమానా కట్టేశాం, ఇంకేంటి?' అనేవారికీ సమాధానం ఉంది. రాజీ సొమ్ము కడితే గనుల చట్టం కింద కేసు ముగిసిపోవచ్చు. దొంగతనం కేసు మాత్రం పోదు. 2020 డిసెంబరులో మధ్యప్రదేశ్‌కు చెందిన జయంత్ కేసులో అత్యున్నత న్యాయస్థానం చెప్పిన మాట ఇది. ఇలాంటి వాటిలో దర్యాప్తు చేయమని పోలీసులను మెజిస్ట్రేటు ఆదేశించవచ్చనీ అప్పుడే స్పష్టం చేసింది.

మనమేం చేయాలి?

అక్రమ తవ్వకాన్ని చూసిన ఎవరైనా సమాచారం ఇవ్వొచ్చు. పోలీసు స్టేషన్‌కి ఒక ప్రతి, గనుల శాఖకి ఒక ప్రతి ఇచ్చి రసీదు తీసుకోవాలి. తేదీ, సమయం, స్థలం, వాహనాల నంబర్లు రాయాలి. ఫొటోలుంటే మరీ మంచిది. తవ్వకం అడవిలో జరిగితే అటవీ శాఖకీ చెప్పాలి, 1967 నాటి రాష్ట్ర అటవీ చట్టం కింద వారికి వేరే అధికారాలున్నాయి. స్టేషన్‌లో కేసు రాసుకోకపోతే జిల్లా ఎస్పీకి రాతపూర్వకంగా పంపొచ్చు. అక్కడా పని జరక్కపోతే మెజిస్ట్రేటు ఉండనే ఉన్నారు.

అక్కడితో ఆగిపోకూడదు. 'ట్రాక్టరును పట్టుకున్నారు' అన్న వార్త చదివి ఊపిరి పీల్చుకుంటాం. నిజానికి అది కథలో సగమే. 'కోర్టులో అధికారి ఫిర్యాదు వేశారా, లేదా?'... సమాచార హక్కు చట్టం కింద అడిగితే ముప్ఫై రోజుల్లో జవాబు రావాలి. వాగును కాపాడుకోవాలనుకునే ఊరు అడగాల్సిన అసలు ప్రశ్న అదే!