దుకాణం వాకిట లారీ నిలిస్తే...

జగ్దల్‌పూర్: దుకాణం తెరిచే ఉన్నది. సరుకు సిద్ధంగానే ఉన్నది. అయితే వాకిలికి అడ్డంగా లారీ నిలిచి ఉన్నందున ఖాతాదారు లోనికి రాలేడు. ఖనిజ రవాణా సాగే బస్తర్ ప్రాంతంలో ఇటువంటి వివాదాలకు అవకాశం ఎక్కువ. బైలదిల్లా ఇనుప ఖనిజంలో గణనీయ భాగం కొత్తవలస-కిరండూల్ రైలు మార్గంలో విశాఖపట్నం చేరుతుండగా, కొంత ఖనిజం లారీలపై గీదం, జగ్దల్‌పూర్‌ల మీదుగా రాయపూర్ వైపు తరలుతున్నది. లోడు వంతు కోసం వేచి ఉండే లారీకి తగిన స్థలం లేనిచోట రోడ్డు అంచే స్టాండుగా మారుతుంది.

రహదారికి అడ్డంకి కల్పించడం నేరమని 1860 నాటి భారత శిక్షాస్మృతి 283వ సెక్షన్ నిర్దేశించింది. గరిష్ఠ జరిమానా 200 రూపాయలు. ఆనాడు అది పెద్ద మొత్తమే. నూట అరవై ఏళ్లకు పైగా మార్పు లేకపోవడంతో లారీ యజమానికి అది లెక్కలోకి రాని ఖర్చయింది. 2024 జులై 1న అమలులోకి వచ్చిన భారతీయ న్యాయ సంహిత 285వ సెక్షన్ దీనిని 5,000 రూపాయలకు పెంచింది. నిషిద్ధ స్థలంలో నిలిపిన వాహనాన్ని, లేదా బహిరంగ స్థలంలో పది గంటలకు పైగా ఎవరూ లేకుండా వదిలివేసిన వాహనాన్ని మోటారు వాహనాల చట్టం 127వ సెక్షన్ కింద పోలీసులు తొలగింపజేయవచ్చు. తరలింపు ఖర్చు యజమానిదే.

జరిమానా ప్రభుత్వ ఖజానాకు చేరుతుంది. వర్తకుని నష్టం మాత్రం అలాగే మిగులుతుంది. అతనికి చట్టం రెండు మార్గాలు చూపుతున్నది. మొదటిది సబ్ డివిజనల్ మేజిస్ట్రేటును ఆశ్రయించడం. అడ్డంకిని నిర్ణీత గడువులోగా తొలగించాలని, లేనిచో హాజరై కారణం చెప్పాలని ఆయన ఆదేశించవచ్చు. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో 133వ సెక్షన్‌గా ఉన్న ఈ అధికారం ఇప్పుడు భారతీయ నాగరిక సురక్షా సంహితలో 152వ సెక్షన్. దీని బలాన్ని సుప్రీంకోర్టు 1980లో రత్లాం పురపాలక సంఘం కేసులో చాటింది. మురుగు కాలువల నిర్మాణానికి నిధులు లేవన్న సంఘం వాదనను జస్టిస్ వి.ఆర్. కృష్ణయ్యర్, తెలుగువారైన జస్టిస్ ఓ. చిన్నప్పరెడ్డిల ధర్మాసనం తోసిపుచ్చింది. జగ్దల్‌పూర్ నుంచి బిలాస్‌పూర్‌లోని హైకోర్టు సుమారు నాలుగు వందల కిలోమీటర్ల దూరంలో ఉన్నందున, స్థానిక మేజిస్ట్రేటు వద్దే పరిష్కారం లభించడం చిరువర్తకునికి చిన్న విషయం కాదు.

రెండవది సివిల్ దావా. ఇందుకు దారి చూపిన తీర్పు లండన్‌లో గుర్రపు బండ్ల కాలంలో, 1874లో వెలువడింది. కోవెంట్ గార్డెన్ ప్రాంతంలోని ఒక కాఫీ హోటల్ పక్కన వేలం సంస్థ బండ్లు గంటల తరబడి నిలిచేవి. దారి మూసుకుపోయేది. లోపల చీకటి కమ్మి పగలంతా గ్యాసు దీపాలు వెలిగించవలసి వచ్చేది. గుర్రాల దుర్గంధం సరేసరి! హోటల్ యజమాని బెంజమిన్ నష్టపరిహారం కోరి నెగ్గాడు. సామాన్య ప్రజలందరికీ కలిగే అసౌకర్యం చాలదని, వాదికి ప్రత్యేకంగా, ప్రత్యక్షంగా, చెప్పుకోదగినంతగా నష్టం వాటిల్లి ఉండాలని ఆ కోర్టు పేర్కొన్నది. బహిరంగ ఉపద్రవంపై దావాలకు సంబంధించిన సివిల్ ప్రొసీజర్ కోడ్ 91వ సెక్షన్ సైతం, అటువంటి నష్టం పొందిన వ్యక్తికి స్వతంత్రంగా ఉన్న దావా హక్కును తొలగించలేదు.

కనుక వర్తకుడు తేదీలతో ఫొటోలు, లారీ నెంబర్లు, నిలిచిన సమయాలు, అమ్మకాల ఖాతాలు భద్రపరచుకోవడం అవసరం. సరుకు దించడానికి కొద్దిసేపు ఆగిన వాహనంపై ఫిర్యాదు నిలవడం కష్టం. దుకాణం ముందున్న రోడ్డు దుకాణదారు సొత్తు కాదు. లారీలు రాకుండా అతడు అక్కడ బండరాళ్లు పాతినా, తన బస్తాలు పేర్చినా అదే 285వ సెక్షన్ అతనికీ వర్తిస్తుంది.