ఊద్ సలీబ్, తెల్ల పియొనీ: ఒకే కుటుంబపు రెండు వేర్లు

మా బోయిన్‌పల్లిలోని మనోవికాస్ నగర్‌లో మేధోవైకల్యం గల పిల్లల కొరకు 1984లో స్థాపించబడిన జాతీయ సంస్థ కలదు. 2016లో దాని పేరు మారినను, చాలామంది ఇప్పటికీ పాత పేరుతోనే పిలుస్తారు. అట్టి పిల్లలలో మూర్ఛవ్యాధి తక్కిన పిల్లలలో కంటె హెచ్చు. అక్కడికి వచ్చే తల్లిదండ్రులలో కొందరు నా వద్దకు కూడ వచ్చి ఒకే ప్రశ్న వేస్తుంటారు: “అయ్యా, ఊద్ సలీబ్ వేరు పిల్లవాని మెడలో కడితే ఫిట్స్ రావట, నిజమేనా?” ఈమధ్య మరికొందరు, “చీనావారు వాడే తెల్ల పియొనీ వేరు, ఇదీ ఒకటేనా?” అని కూడ అడుగుతున్నారు. రెండు ప్రశ్నలకూ కలిపి సమాధానం వ్రాస్తున్నాను.

పియొనీ చలిదేశపు మొక్క. గులాబీని మించిన పెద్ద పువ్వు పూస్తుంది. శీతకాలంలో గట్టి చలి తగలనిదే పూయదు కనుక మన తెలంగాణ నేలలో దీనిని పెంచబూనుట వృథా ప్రయాస. ఇందులో అనేక జాతులు కలవు. కాశ్మీరు మొదలు ఉత్తరాఖండ్ వరకు హిమాలయ సానువులలో పెరిగేది ఒక జాతి. ఊద్ సలీబ్ అనే పేరుతో మన యునానీ దుకాణాలలో ఈ జాతి వేరును, ఐరోపా జాతి వేరును కూడ అమ్ముతారు. చీనావారి తెల్ల పియొనీ వేరొక జాతి. అన్నదమ్ముల బిడ్డలన్న మాటే గాని, ఒకే మొక్క కాదు.

చీనాలో దీని వేరును “బై షావ్” అంటారు. నాలుగైదేండ్లు పెరిగిన మొక్క వేరును త్రవ్వి, నీటిలో ఉడికించి, పైతోలు తీసి ఎండబెడతారు. అందుచేతనే తెలుపు. తోలు తీయక, ఉడికించక ఎండబెట్టినది ఎర్ర పియొనీ. దాని వాడుక వేరు. తెల్ల వేరు రక్తాన్ని పోషించి, కాలేయాన్ని శాంతింపజేస్తుందని వారి సిద్ధాంతం. ఇక్కడ కాలేయమనగా మన డాక్టర్లు స్కానింగులో చూచే అవయవమే అనుకొనరాదు. మన వాతపిత్తాల వలె అదొక సంకేతం. ఋతుక్రమం తప్పుట, ముట్టునొప్పి, కడుపులో మెలిపెట్టే నొప్పి, కండరాలు పట్టుకొనుట, వీటన్నిటికీ వాడుతారు. స్త్రీలకిచ్చే “నాలుగు వస్తువుల కషాయం” వారి వద్ద మిక్కిలి ప్రసిద్ధం, అందులో ఇదొకటి.

నాకు ఆసక్తి కలిగించినది మాత్రం మరొక యోగం. తెల్ల పియొనీ వేరు, అతిమధురం, రెండూ సమభాగాలు. సుమారు 1800 సంవత్సరాల క్రితం ఝాంగ్ ఝోంగ్‌జింగ్ అనే వైద్యుడు చెప్పిన కషాయమిది. రాత్రివేళ కాలిపిక్కలు పట్టేసినపుడు జపానులోని డాక్టర్లు నేటికీ దీనిని వ్రాసి ఇస్తారు. మన చరకుడు ఎనుబది వాతరోగాలలో లెక్కించిన పిండికోద్వేష్టనం ఇదియే. అయితే ఇందులోని అతిమధురం ఎక్కువ రోజులు సేవిస్తే రక్తపోటు పెరిగి, ఒంటిలో పొటాషియం తగ్గును. బి.పి., గుండెజబ్బు, మూత్రపిండాల వ్యాధి గలవారు దీని జోలికి పోరాదు. వారు పడుకొనబోయే ముందు గోరువెచ్చని నువ్వులనూనెతో పిక్కలు మర్దించుకొని, పాదాన్ని మోకాలి వైపునకు వంచి సాగదీయుట మేలు.

ఆధునిక పరిశోధకులు ఈ వేరు నుండి పియొనీఫ్లోరిన్ అనే పదార్థాన్ని వేరుచేసినారు. వేరులోని ఇట్టి సారాన్ని కీళ్లవాతానికి మందుగా 1998లో చీనా ప్రభుత్వం అనుమతించినది. కొందరికి విరేచనాలు పల్చబడుట దాని సామాన్య దోషం. గర్భిణులు, రక్తం పల్చబడే మాత్రలు వాడేవారు డాక్టరును అడుగక సేవించరాదు.

ఇక ఊద్ సలీబ్. “ఊద్” అనగా కర్ర, “సలీబ్” అనగా శిలువ. వేరును అడ్డంగా కోస్తే శిలువ వంటి గీతలు కనిపిస్తాయని ఆ పేరు. దీనిని మెడలో కట్టే ఆచారం మన హైదరాబాదులో పుట్టినది కాదు. యునానీవారు జాలీనూస్ అని పిలిచే గాలెన్, రెండవ శతాబ్దంలో రోము నగరంలో వైద్యం చేసినవాడు. ఈ వేరు మెడలో ఉన్నంతకాలం ఒక బాలునికి మూర్ఛ రాలేదనీ, అది జారిపడగానే వచ్చినదనీ ఆయన వ్రాసినాడు. ఆ ఒక్క బాలుని కథ పద్దెనిమిది శతాబ్దాలు ప్రయాణించి మన వీధిలోనికి వచ్చినది! మూర్ఛ తనంతట తాను కొన్ని నెలలు రాకుండ ఉండి, మరల వచ్చే వ్యాధి. ఆ విరామంలో మెడలో ఏది కట్టినా దానికే పేరు వస్తుంది.

లోనికి సేవించే విషయం వేరు. హకీములు మెదడు, నరముల బలహీనతకు ఇచ్చే “ఖమీరా గావ్‌జబాన్ అంబరీ జద్వార్ ఊద్ సలీబ్ వాలా” అనే లేహ్యం పేరులోనే ఈ వేరున్నది. దానిని తగిన హకీము పర్యవేక్షణలో వాడుకొనవచ్చును. దుకాణంలో పొడి కొని, చీనావారి మోతాదు చూచి కషాయం కాచుట మాత్రం కూడదు. జాతి వేరు, శుద్ధి వేరు.

తాయెత్తు కట్టుకొనుటకు నాకు అభ్యంతరం లేదు. దానిని నమ్మి మాత్రలు మానుటయే ప్రాణాంతకం. ఫిట్స్ మాత్రలు హఠాత్తుగా ఆపితే, ఒకదాని వెంట ఒకటిగా ఆగకుండ మూర్ఛలు వచ్చే ప్రమాదమున్నది. మాత్ర తగ్గించుట, మార్చుట వ్రాసిన డాక్టరు పని. వేరు ఏదైనా లోనికి ఇస్తున్నట్లయితే ఆ సంగతి ఆయనకు తప్పక చెప్పవలెను.

మూర్ఛ వచ్చినపుడు పిల్లవానిని ప్రక్కకు ఒత్తిగిల్లజేసి, తల క్రింద మెత్తని గుడ్డ పెట్టి, మెడ వద్ద బిగుతుగా ఉన్నవి వదులు చేయవలెను. ఆ తాయెత్తు త్రాడు కూడ. చేతిలో తాళంచెవి పెట్టుట, ఉల్లిపాయ వాసన చూపుట వలన ప్రయోజనం లేదు. నోటిలో చెంచాగాని, నీరుగాని, మందుగాని పెట్టరాదు. గడియారం చూడవలెను. ఐదు నిమిషాలు దాటినా, తెలివి రాకముందే మరల వచ్చినా, వెంటనే 108కు ఫోను చేసి ఆసుపత్రికి చేర్చవలెను.