బర్తరఫ్‌కు ముందు విచారణ

తప్పు చేసిన ఉద్యోగిని తొలగించే హక్కు యజమానికి ఉన్నదా? నిస్సందేహంగా ఉన్నది. అమానతుకు ద్రోహం చేసినవాణ్ణి పనిలో ఉంచుకొని తీరాలని షరీఅత్ గాని, మన దేశ చట్టం గాని నిర్బంధించవు. పనికి పెట్టుకొనేవానిలో శక్తితోపాటు విశ్వసనీయత కూడా ఉండాలని దివ్య ఖుర్ఆన్‌లోని హజ్రత్ మూసా (అలైహిస్సలాం) వృత్తాంతం తెలుపుతున్నది. కాబట్టి న్యాయస్థానాలలో వివాదం ప్రధానంగా ఆ హక్కును గురించి కాదు, దానిని వినియోగించిన పద్ధతిని గురించి.

మన గోదావరి ప్రాంతంలోనే పుట్టిన ఒక వ్యాజ్యం ఇందుకు దృష్టాంతం. నిడదవోలులో పనిచేసిన ఒక పోలీసు సబ్ ఇన్‌స్పెక్టరును శాఖా విచారణ జరిపి బర్తరఫ్ చేశారు. హైకోర్టు ఆ ఉత్తర్వును కొట్టివేసింది. 1963లో సుప్రీంకోర్టు దానిని మళ్ళీ నిలబెట్టింది. శాఖా విచారణకు క్రిమినల్ కేసులో కోరేటంత రుజువు అవసరం లేదనీ, రిట్ పిటిషన్ వినే హైకోర్టు అప్పీలు కోర్టు కాదనీ చెప్పింది. విచారణ సక్రమంగా సాగి, నిర్ణయానికి ఆధారమైన సాక్ష్యం కొంత ఉంటే, హైకోర్టు ఆ సాక్ష్యాన్ని తిరిగి తూచదు. శ్రీరామారావు కేసుగా ఈ తీర్పు ప్రసిద్ధం.

మరి సక్రమమైన విచారణ అంటే ఏమిటి? అభియోగాన్ని స్పష్టంగా వ్రాసి ఇవ్వాలి. సంజాయిషీకి తగిన గడువు ఇవ్వాలి. సాక్షులను ప్రశ్నించనివ్వాలి. ఫిర్యాదు చేసినవాడే తీర్పరి కారాదు. విచారణాధికారి వేరొకరైతే, అతని నివేదిక ప్రతిని తుది నిర్ణయానికి ముందే ఉద్యోగికి అందించాలని 1993లో హైదరాబాదు ఇ.సి.ఐ.ఎల్. కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం నిర్ణయించింది. అయితే ప్రతి ఇవ్వనంత మాత్రాన బర్తరఫ్ దానంతటదే రద్దు కాదు. అందువల్ల ఉద్యోగికి నష్టం జరిగినట్లు తేలాలి.

కార్మికులకు మరొక రక్షణ ఉన్నది. తప్పు రుజువైనా శిక్ష మితిమీరినదైతే తగ్గించే అధికారాన్ని 1971లో పారిశ్రామిక వివాదాల చట్టానికి చేర్చిన 11-ఎ సెక్షను లేబర్ కోర్టుకు ఇచ్చింది. 2025 నవంబరు 21న అమలులోకి వచ్చిన పారిశ్రామిక సంబంధాల కోడ్ అటువంటి అధికారాన్నే ట్రిబ్యునల్‌కు ఇచ్చింది.

మన విద్యాసంస్థల నిర్వాహకులు ఒక సంగతి ప్రత్యేకంగా గమనించాలి. ఉపాధ్యాయుణ్ణి తొలగించడానికి అధికారి ముందస్తు అనుమతి కావాలన్న 1975 నాటి ఆంధ్రప్రదేశ్ చట్టపు నిబంధన మైనారిటీ సంస్థలకు చెల్లదని, 1980లో ఆల్ సెయింట్స్ హైస్కూలు కేసులో సుప్రీంకోర్టు మెజారిటీ తీర్పు చెప్పింది. ఇది స్వేచ్ఛే. కాని నిర్వహణ హక్కు దుర్నిర్వహణ హక్కు కాదని న్యాయస్థానాలు పలుమార్లు హెచ్చరించాయి. పై అధికారి అనుమతి అవసరం లేనిచోట కమిటీ బాధ్యత రెట్టింపవుతుంది.

ఈ సూత్రం మనకు కొత్తది కాదు. హజ్రత్ అలీ (రజి)ని యెమెన్‌కు న్యాయాధిపతిగా పంపుతూ, రెండవ పక్షం మాట కూడా వినకుండా తీర్పు చెప్పవద్దని దైవప్రవక్త (స) ఉపదేశించినట్లు అబూ దావూద్, తిర్మిజీ గ్రంథాలలో ఉన్నది. తెచ్చిన వార్తను నిర్ధారించుకొమ్మని హుజురాత్ సూరా ఆదేశిస్తున్నది. కాకినాడ వర్తకుడైనా, మదర్సా కమిటీ అయినా, ఒక కుటుంబం కూడు పోగొట్టే కాగితంపై సంతకం చేసే ముందు ఆ మనిషిని పిలిచి అతని మాట వినాలి. విన్న తరువాత తొలగించవలసివస్తే, ఇక్కడి కోర్టులోను, రేపు అల్లాహ్ సన్నిధిలోను చెప్పుకోవడానికి సమాధానం ఉంటుంది.