స్వీట్ పీకి పెబ్బేరులో ఎన్ని లీటర్లు?

స్వీట్ పీ చలిదేశపు పువ్వని, మన ఎండకు బతకదని చాలామంది దాన్ని ముందే పక్కన పెడతారు. దాని పుట్టిల్లు మధ్యధరా సముద్రంలోని సిసిలీ దీవి. 1699లో ఫ్రాన్సిస్కో కుపాని అనే క్రైస్తవ సన్యాసి అక్కడి నుంచి ఇంగ్లండుకు విత్తనాలు పంపాడు. పేరు తెచ్చుకున్నది ఇంగ్లండులోనే అయినా, చలికాలపు వానలో పెరిగి, ఎండాకాలం రాకముందే కాయ కాసి ఎండిపోవడం దాని పుట్టుకతో వచ్చిన గుణం.

సిసిలీ తీరంలోని పలెర్మోలోనూ మన వనపర్తి జిల్లా పెబ్బేరు వైపూ ఏడాది వాన 600 మిల్లీమీటర్లకు అటూఇటూగానే ఉంటుంది. తేడా అంతా కాలంలోనే. అక్కడ అక్టోబరు నుంచి మార్చి వరకు కురుస్తుంది. ఇక్కడ జూన్‌లో మొదలై అక్టోబరుతో దాదాపు అయిపోతుంది. స్వీట్ పీకి కావలసిన చల్లదనం దొరికే నెలల్లో మన ఆకాశం పొడిగా ఉంటుంది. కాబట్టి దీన్ని యాసంగి పంటలా చూసుకోవాలి. వాన ఇవ్వని నీటిని మనమే కొలిచి పోయాలి.

3 మీటర్ల పొడవు, అర మీటరు వెడల్పున్న మడి తీసుకుందాం. విస్తీర్ణం 1.5 చదరపు మీటర్లు. మొక్కకూ మొక్కకూ 15 సెంటీమీటర్లు వదిలితే 20 మొక్కలు పడతాయి. చదరపు మీటరు మీద ఒక మిల్లీమీటరు నీరంటే సరిగ్గా ఒక లీటరు. శీతాకాలంలో ఏపుగా ఎదిగిన పాదు, దాని కింది నేల కలిసి రోజుకు సుమారు 4 మిల్లీమీటర్ల నీటిని గాలికి వదులుతాయి. అంటే ఈ మడికి రోజుకు 6 లీటర్లు.

అలాగని రోజూ 6 లీటర్లు చిలకరిస్తే వేళ్ళు పైపైనే తిరుగుతాయి, ఒక్క రోజు మరిచినా తీగ వాలిపోతుంది. చల్క నేల పది సెంటీమీటర్ల లోతులో 10 నుంచి 12 మిల్లీమీటర్ల నీటిని మొక్కకు అందేలా పట్టుకుంటుంది. వేళ్ళు ఎక్కువగా ఉండే 25 సెంటీమీటర్ల లోతుకు లెక్కిస్తే 25 నుంచి 30 మిల్లీమీటర్లు. అందులో సగం ఖర్చయ్యేసరికి మళ్ళీ తడి ఇవ్వాలి. ఆ సగాన్ని నాలుగుతో భాగిస్తే మూడు రోజులు వస్తుంది. కాబట్టి చల్క నేలలో మూడు రోజులకోసారి 18 లీటర్లు, అంటే ఒక బిందె నిండుగా, ఇంకో చెంబో రెండు చెంబులో. నల్లరేగడి దాదాపు రెట్టింపు నీరు పట్టుకుంటుంది కనుక అక్కడ ఆరు రోజులకోసారి 36 లీటర్లు చాలు. రేగడిలో తొందరపడి నీళ్ళు పెడితే వేరుకు ఊపిరాడదు. మొగ్గలు పసుపెక్కి, వేలు తగిలితే చాలు రాలిపోతాయి. అది చూసి నీళ్ళు చాలలేదనుకుని ఇంకా పోసేవాళ్ళే ఎక్కువ. ముందు వేలు రెండు కణుపుల లోతు దింపి చూడాలి. మట్టి చల్లగా తగిలి, వేలికి అంటుకుంటే ఆ రోజు బిందె పక్కన పెట్టేయవచ్చు.

కుండీలది వేరే కథ. 12 అంగుళాల కుండీలో రెండు మొక్కలుంటే డిసెంబరులో రోజూ ఒక లీటరు, ఫిబ్రవరిలో రెండు దాకా కావాలి.

మడి మీద బుడ్డల (వేరుశనగ) పొట్టు 5 సెంటీమీటర్ల మందాన పరిస్తే నేల నుంచి ఆవిరయ్యే నీరు బాగా తగ్గుతుంది. మన మడికి 75 లీటర్ల పొట్టు, అంటే 15 లీటర్ల బకెట్లు ఐదు. వనపర్తి జిల్లాలో దానికి కరువా! బుడ్డల చేను మట్టి వేస్తే వేళ్ళకు నత్రజని బుడిపెలు బాగా వస్తాయన్న ఆశ మాత్రం వద్దు. వేరుశనగ వేళ్ళలో ఉండే బాక్టీరియా వేరు, స్వీట్ పీది వేరు. అలాగని యూరియా వేస్తే ఆకే వస్తుంది. పశువుల సంతకు పేరుపడ్డ ఊళ్ళో మాగిన పేడ ఎరువుకు లోటు లేదు, అది చాలు.

నీళ్ళ కంటే ముందు తేల్చుకోవలసింది రకం. స్వీట్ పీ పూతకు పగటి పొడవే గడియారం. శీతాకాలపు రకాలకు 10 గంటల పగలు చాలు, వసంత రకాలకు 11, వేసవి రకాలకు 12 గంటలు కావాలి. పెబ్బేరులో డిసెంబరు చివర కూడా పగలు సుమారు 11 గంటల 10 నిమిషాలు ఉంటుంది, కాబట్టి మొదటి రెండింటికీ ఇబ్బంది లేదు. 12 గంటలు నిండేది మార్చి మధ్యలో. అప్పటికి ఎండ 37 డిగ్రీలకు చేరుతుంది. పువ్వు పెద్దదని స్పెన్సర్ లాంటి వేసవి రకం కొంటే, ఎన్ని బిందెలు పోసినా ఆకుల పందిరే మిగులుతుంది. వింటర్ ఎలిగెన్స్, మాముత్, కత్‌బర్ట్‌సన్ అన్న పేర్లు వెతకండి.

విత్తనాన్ని ఒక రాత్రి నానబెట్టి, అక్టోబరు మొదటి వారంలో రెండున్నర సెంటీమీటర్ల లోతున నాటాలి. డిసెంబరు చివరికి పూత మొదలవుతుంది. ఆ నెలల్లో కూడా మన పగలు 30 డిగ్రీల దగ్గరే ఉంటుంది, దీనికి అది అంచు. ఉదయం ఎండ తగిలి మధ్యాహ్నం నీడ పడే తూర్పు గోడ పక్కన రెండు మీటర్ల వల కట్టండి. రెండు రోజులకోసారి పువ్వులు కోయాల్సిందే. కాయ పట్టిందంటే తీగ పూత ఆపేస్తుంది.

మొత్తం ఖర్చు చూస్తే, మొదటి 40 రోజులు లేత మొక్కలు కనుక రోజుకు 2 మిల్లీమీటర్ల చొప్పున 120 లీటర్లు. తర్వాత 110 రోజులు, ఫిబ్రవరి ఎండను కలుపుకొని సగటున నాలుగున్నర చొప్పున 740. ఐదు నెలలకు 860 లీటర్లు. మేడ మీది వెయ్యి లీటర్ల ట్యాంకు కూడా పూర్తిగా ఖాళీ కాదు.

మార్చిలో తీగ పసుపెక్కాక నీళ్ళు పోసి లాభం లేదు. రెండు మూడు కాయలు విత్తనానికి ఉంచి మిగతాది కోసేయండి. ఆ కాయలు చూడటానికి బఠానీలా ఉంటాయి కానీ విషం, తింటే ఎముకలకు, కండర బంధనాలకు చేటు చేసే పదార్థం గింజల్లో ఉంటుంది. పిల్లలున్న ఇంట్లో గింజల డబ్బా మీద ఆ మాట రాసి, వంటింటికి దూరంగా పెట్టండి.