వాహనం విలువ ఏటా ఎంత తరుగుతుంది? సరైన లెక్క, న్యాయమైన పంపకం

విశాఖపట్నం జీవనం చక్రాల మీద సాగుతుంది. 1933లో ఓడరేవు ప్రారంభమైన నాటి నుండి రేవులో దిగే సరుకు, రేవుకు చేరవలసిన సరుకు ఎందరికో ఉపాధి చూపాయి. 1971లో శంకుస్థాపన జరిగి, 1992లో జాతికి అంకితమైన ఉక్కు కర్మాగారం ఈ రాకపోకలను మరింత పెంచింది. గాజువాక, ఆటోనగర్, కూర్మన్నపాలెం పరిసరాలలో లారీ, ట్రాలీ ఆటో, ట్యాక్సీలే ఆధారంగా బ్రతికే కుటుంబాలు అనేకం.

ఇటువంటి కుటుంబాలలో అన్నదమ్ములో, బావా బావమరుదులో కలసి బండి కొనడం పరిపాటి. బండి తిరుగుతున్నంత కాలం లెక్క ఎవరికీ గుర్తుకు రాదు. భాగస్వాములు విడిపోయినప్పుడు, బండి అమ్మదలచినప్పుడు, లేదా యజమాని కన్నుమూసినప్పుడు మాత్రం ఒక ప్రశ్న ఎదురవుతుంది: ఇప్పుడు దీని విలువ ఎంత? దీనికి సరైన సమాధానం లేకపోతే ఒకరి హక్కు మరొకరి చేతిలోకి పోతుంది. అందుచేత వాహనపు తరుగుదలను లెక్కించడం గుమాస్తాలకు మాత్రమే సంబంధించిన విషయం కాదు, ప్రతి కుటుంబమూ తెలుసుకోదగిన విషయం.

లెక్కించే రెండు పద్ధతులు

మొదటిది స్థిర వాయిదాల పద్ధతి. కొన్న ధర నుండి చివరి విలువను తీసివేసి, వచ్చిన మొత్తాన్ని సంవత్సరాలతో భాగిస్తారు. ఏటా ఒకే మొత్తం తరుగుతుంది. రెండవది తగ్గుతున్న నిల్వల పద్ధతి. ఇందులో ఏటా ఒకే శాతం తరుగుతుంది. అయితే ఆ శాతాన్ని కొన్న ధర మీద కాక, గత ఏడాది చివర మిగిలిన విలువ మీద లెక్కిస్తారు. కొత్త బండి ధర మొదటి ఏడాదిలోనే ఎక్కువగా పడిపోయి, ఆ తరువాత నెమ్మదిగా తగ్గుతుంది కనుక వాహనాలకు ఈ రెండవ పద్ధతే వాస్తవానికి దగ్గరగా ఉంటుంది.

ఒక ఉదాహరణ చూద్దాం. 10,00,000 రూపాయలకు కొన్న బండికి నాలుగేళ్ల తరువాత బజారులో 4,09,600 రూపాయలు పలికిందనుకుందాం. ఏటా ఎంత శాతం తరిగినట్లు? చాలామంది 5,90,400 నష్టాన్ని నాలుగుతో భాగించి, ఏటా 14.76 శాతం అంటారు. కొన్న ధర మీద స్థిర వాయిదాగా చూస్తే ఇది సరైనదే. కానీ ఇదే శాతాన్ని ఏటా మిగిలిన విలువ మీద తగ్గిస్తూ పోతే నాలుగేళ్ల చివర దాదాపు 5,28,000 తేలుతుంది. అసలు విలువ కంటే ఇది 1,18,000 ఎక్కువ. ఇద్దరు సమాన భాగస్వాములలో బండిని తన వద్దే ఉంచుకునే వ్యక్తి ఈ పొరపాటు వలన రెండవ వానికి దాదాపు 59,000 రూపాయలు అదనంగా చెల్లించవలసి వస్తుంది.

సరైన విధానం ఇది. ఇప్పటి విలువను కొన్న ధరతో భాగించాలి. పై ఉదాహరణలో 0.4096 వస్తుంది. నాలుగేళ్లు కనుక దీనికి నాల్గవ మూలం, అంటే వర్గమూలానికి మళ్లీ వర్గమూలం కనుగొనాలి. మొదట 0.64, ఆ తరువాత 0.8 వస్తాయి. ఏడాది చివర నూటికి 80 మిగులుతోంది కాబట్టి తరుగుదల ఏటా 20 శాతం. సరిచూసుకుందాం: మొదటి ఏడు 2,00,000 తరిగి 8,00,000, రెండవ ఏడు 1,60,000 తరిగి 6,40,000, మూడవ ఏడు 1,28,000 తరిగి 5,12,000, నాల్గవ ఏడు 1,02,400 తరిగి 4,09,600. మూడేళ్లయితే ఘనమూలం, ఐదేళ్లయితే ఐదవ మూలం కనుగొనాలి. ఫోనులోని గణన యంత్రం ఆ పని చేసిపెడుతుంది.

ఒకే బండికి మూడు విలువలు

బీమా సంస్థలు వాహనానికి ఐడీవీ అనే ప్రకటిత విలువను నిర్ణయిస్తాయి. సాధారణంగా అనుసరించే పట్టిక ప్రకారం తయారీదారు జాబితా ధర నుండి ఆరు నెలల వరకు 5 శాతం, ఏడాది వరకు 15, రెండేళ్ల వరకు 20, మూడేళ్ల వరకు 30, నాలుగేళ్ల వరకు 40, ఐదేళ్ల వరకు 50 శాతం తగ్గిస్తారు. ఐదేళ్లు దాటితే సంస్థ, యజమాని కలసి అంగీకరించిన విలువే ప్రమాణం. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుపాను విశాఖను తాకినటువంటి విపత్తులలో వాహనం పూర్తిగా ధ్వంసమైతే, సొంత నష్టానికి బీమా ఉన్నవారికి పరిహారం ఈ విలువను బట్టే నిర్ణయమవుతుంది, కొన్న ధరను బట్టి కాదు.

ఆదాయపు పన్ను లెక్క వేరు. అద్దెకు తిప్పే లారీలు, ట్యాక్సీలకు మిగిలిన విలువ మీద ఏటా 30 శాతం, వ్యాపారంలో వాడే ఇతర కార్లకు సాధారణంగా 15 శాతం తరుగుదల అనుమతిస్తారు. కొన్న సంవత్సరంలో 180 రోజుల కంటే తక్కువ వాడితే ఆ ఏడాదికి అందులో సగమే.

మన ఉదాహరణలోని బండినే తీసుకుందాం. జాబితా ధర మారలేదనుకుంటే నాలుగేళ్ల చివర బీమా పట్టిక ప్రకారం దాని విలువ 6,00,000. పన్ను పుస్తకంలో ఏటా 30 శాతం తరిగి 2,40,100. బజారులో 4,09,600. ఈ మూడింటిలో ఏదీ అబద్ధం కాదు. దేని ప్రయోజనం దానిది. అయితే పంపకానికి పనికివచ్చేది బజారు విలువ ఒక్కటే.

వారసుల హక్కు

ఆ బండి యజమాని మరణించాడనుకుందాం. 1,60,000 రూపాయల అప్పు ఉంది. వేరే ఆస్తి గాని, వీలునామా గాని లేదు. అంత్యక్రియల ఖర్చు కుటుంబీకులే భరించారు. బజారు విలువ నుండి అప్పు తీర్చగా 2,49,600 మిగులుతుంది. సంతానం ఉన్న భార్యకు షరీఅత్ నిర్ణయించిన ఎనిమిదవ వంతు 31,200 రూపాయలు. పన్ను పుస్తకంలోని విలువను పట్టుకుంటే అప్పు పోగా మిగిలేది 80,100. ఆమెకు దక్కేది సుమారు 10,012 రూపాయలు మాత్రమే. కుమార్తెల వాటా కూడా ఇదే నిష్పత్తిలో కుదించుకుపోతుంది. బండిని తన వద్ద ఉంచుకునే కుమారుడు ఏ అంకెను ఎంచుకుంటాడన్నది తల్లి, చెల్లెళ్ల హక్కుకు సంబంధించిన విషయం. కొలతలో, తూకంలో తగ్గించి ఇచ్చేవారిని దివ్య ఖుర్ఆన్ తీవ్రంగా హెచ్చరించింది. ఆస్తికి విలువ కట్టడమూ ఒక తూకమే.

ఆదాయమా, అసలా?

తరుగుదలను మరచినవారు తమకు తెలియకుండానే మూలధనాన్ని తినివేస్తారు. డీజిలు, డ్రైవరు జీతం, టైర్లు, మరమ్మతులు పోను ఏడాదికి 3,60,000 చేతికి వచ్చిందనుకుందాం. మొదటి ఏడాది తరుగుదల 2,00,000 తీసివేస్తే నిజమైన లాభం 1,60,000 మాత్రమే. మొత్తం పంచుకొని ఖర్చుచేస్తే, బండి మూలపడిన నాడు కొత్తది కొనడానికి మళ్లీ వడ్డీ అప్పే గతి అవుతుంది. ఒకరు పెట్టుబడి, మరొకరు శ్రమ పెట్టే ముదారబా ఒప్పందంలోనూ అసలు నిలిచిన తరువాత మిగిలిందే లాభమని ఫిఖ్హ్ పండితులు చెబుతారు.

జకాత్ విషయంలోనూ ఈ తేడా గుర్తుంచుకోవాలి. సొంతానికి వాడే, అద్దెకు తిప్పే వాహనం మీద జకాత్ లేదని అత్యధిక ధర్మవేత్తల అభిప్రాయం. దాని ఆదాయంలో మిగిలిన సొమ్ము మాత్రం నిసాబ్ లెక్కలోకి వస్తుంది. కొత్త బండి కోసం దాచిన తరుగుదల నిధి కూడా నగదే కదా! అమ్మకం కోసం వాహనాలు నిలువ ఉంచుకునే వ్యాపారి జకాత్ చెల్లించే నాటి బజారు విలువ మీద 2.5 శాతం లెక్కించాలి. సందేహం కలిగితే స్థానిక ఉలమాను సంప్రదించడం మేలు.

ఆచరణలో

ఏ సూత్రమైనా అంచనా వరకే. సముద్రపు ఉప్పుగాలికి ఛాసిస్ తుప్పు పట్టవచ్చు. అధిక భారం మోసిన లారీ, వారానికొకసారి మసీదుకో మార్కెట్‌కో వెళ్లే కారు ఒకేలా అరగవు. కనుక పంపకానికి ముందు ఒకరికొకరు సంబంధం లేని ఇద్దరు ముగ్గురు మెకానిక్కులకు, పాత వాహనాల వ్యాపారులకు బండి చూపించి ధర అడగాలి. భాగస్వామ్యం మొదలైన రోజే కొన్న ధర, ఎవరి వాటా ఎంత, విడిపోయేటప్పుడు విలువ ఎలా కట్టాలి అన్నవి కాగితం మీద వ్రాసి సాక్షుల సంతకాలు తీసుకోవాలి. దివ్య ఖుర్ఆన్‌లోని అతి పెద్ద వాక్యం అప్పు లావాదేవీలను వ్రాసి ఉంచుకోవడం గురించే అవతరించిందన్న సంగతి మనకు తెలిసినదే. ప్రేమ ఉన్న రోజున వ్రాసుకున్న లెక్క, తగవు వచ్చిన రోజున బంధుత్వాన్ని కాపాడుతుంది.