మైన్‌క్రాఫ్ట్‌లో క్రీపర్ సౌండ్ మార్చడం ఎలా?

జావా ఎడిషన్‌లో ఆబ్జెక్ట్స్ ఫోల్డర్ తెరిస్తే సౌండ్ పేర్లేమీ కనిపించవు, అన్నీ 40 అక్షరాల హ్యాష్‌లే. ఏ హ్యాష్ ఏ సౌండో ఇండెక్సెస్‌లోని జేసన్ ఫైల్ చెప్తుంది. అక్కడే ఫైల్ మార్చేద్దాం అనుకోకండి. హ్యాష్ పుట్టేది ఫైల్ లోపలి డేటా నుంచి కదా, తేడా కనిపెట్టి లాంచర్ పాతదే మళ్లీ దించేస్తుంది. అందుకే రిసోర్స్ ప్యాక్ చేసి, సౌండ్స్‌లోని ర్యాండమ్ ఫోల్డర్‌లో ఫ్యూజ్ డాట్ ఓజీజీ అని పెట్టాలి. ఎంపీ3కి పేరు మారిస్తే పని చేయదండోయ్, ఓగ్ వోర్బిస్‌లోకి కన్వర్ట్ చేయాల్సిందే.

ఇంకోటి, మోనోలోనే ఎక్స్‌పోర్ట్ చేయండి. నేను స్టీరియోలో చేశా. స్టీరియోకి గేమ్ దిక్కూ దూరం లెక్కేయదు. క్రీపర్ బుసకొట్టాక మనకుండేది 1.5 సెకన్లు. అది ఎటువైపుందో తెలియక, కట్టుకున్న ఇల్లంతా పేలిపోయింది!